ద్వేషించేవాళ్లని కెమెరా ముందు కూర్చోబెట్టి మాట్లాడించాలా?

రెండో ఆట:
దియా ఖాన్ తీసిన డాక్యుమెంటరీ ‘వైట్ రైట్: మీటింగ్ ది ఎనిమీ’ (2017) చూశాను. ఆవిడ నార్వేలో పుట్టిన ముస్లిం. బ్రిటన్ ఇక మళ్లీ పూర్తిగా తెల్లవాళ్ల దేశం కాబోదని 2016లో బీబీసీలో అన్నందుకు బూతులు, బెదిరింపులు వచ్చిపడ్డాయి. ఇలా రాసే రకం మనుషులెవరో చూద్దామని అమెరికా వెళ్లి నియో నాజీలతోనే (హిట్లర్ భావాల్ని ఇప్పటికీ మోసేవాళ్లతో) కూర్చుని మాట్లాడింది. 2017లో షార్లట్స్‌విల్ ఊళ్లో తెల్లజాతి వాదులు చేసిన ర్యాలీకీ వాళ్లతో వెళ్లింది. నాకైతే ఇదే సరైన పద్ధతి అనిపించింది. మన టీవీ డిబేట్లలో రోజూ అరుచుకుంటారు, ఒక్కడైనా మారాడా?

నిప్పుకోడి:
మారడం తర్వాత సంగతి. అదే షార్లట్స్‌విల్‌లో ర్యాలీని వ్యతిరేకిస్తున్న జనం మీదికి కారు తోలి హెదర్ హేయర్ అనే ఆవిణ్ణి చంపారు. ఆ ర్యాలీకి వెళ్లినవాళ్లు కెమెరా ముందు మనసు విప్పితే చూసి మనం జాలిపడాలా? ఇలాంటివాళ్లు సౌమ్యంగా, మర్యాదగా మాట్లాడినప్పుడే నాకు ఎక్కువ భయం.

రెండో ఆట:
జాలి పడమని ఆవిడా అనలేదండీ. ‘మరి నన్నూ దేశం నుంచి పంపేస్తారా?’ అని ఎదురుగా కూర్చుని అడిగితే నీళ్లు నమిలారు. నేషనల్ సోషలిస్ట్ మూవ్‌మెంట్ అనే అమెరికా నియో నాజీ సంస్థని పాతికేళ్లు నడిపిన జెఫ్ స్కోప్ 2019లో బయటికొచ్చేశాడు. ఈవిడతోనూ, డారిల్ డేవిస్ అనే నల్లజాతి సంగీతకారుడితోనూ మాట్లాడటం తనని మార్చిందని తనే చెప్పాడు.

నిప్పుకోడి:
ఒకడు మారాడు, సంతోషం. పాతికేళ్లలో వాడు చేర్చుకున్నవాళ్లందరి సంగతో? వాళ్ల దగ్గరికి ఎవరు వెళ్తారు కెమెరా పట్టుకుని?

చెరువుగట్టు:
ఇద్దరూ ద్వేషించేవాడి చుట్టూనే తిరుగుతున్నారు. నోరు తెరిచినందుకు నష్టపోయేది ఎవరో కూడా చూడండి. అయోధ్య మందిర ఉద్యమం మీద ఆనంద్ పట్వర్ధన్ తీసిన డాక్యుమెంటరీ ‘రామ్ కే నామ్’లో అయోధ్య పూజారి లాల్‌దాస్ మందిర రాజకీయాన్ని కెమెరా ముందే తప్పుబట్టారు. తర్వాత పదవి పోయింది. 1993లో ఆయన్ని చంపేశారు. సినిమా వల్లే చంపారని నేను అనట్లేదు. కానీ షూటింగ్ అయ్యాక డైరెక్టర్ వేరే ఊరెళ్తాడు, మాట్లాడినవాడు అదే వీధిలో బతకాలి. కాబట్టి బహిరంగ సంభాషణ అనే ముందు, ఈ మనిషి రేపు ఎక్కడుంటాడో ఆలోచించారా అన్నది నా ప్రశ్న. ఎడిటింగ్ టేబుల్ ఎలాగూ డైరెక్టర్ చేతిలోనే ఉంటుంది, ఎవరి ఏ మాట మిగలాలో వాళ్లే తేలుస్తారు.

రెండో ఆట:
ఇది ఒప్పుకోవాల్సిందే. చూసేవాళ్లకీ ఇబ్బందే, 2024 జనవరిలో హైదరాబాద్ సైనిక్‌పురిలో అదే సినిమా వేస్తే పోలీసులొచ్చి ఆపేశారు. అలాగని అసలు తీయొద్దంటారా?

చెరువుగట్టు:
తీయమనే అంటాను. బలం ఉన్నవాణ్ణి పేరు, ముఖంతో సహా కెమెరా ముందుకు తెండి. బలం లేనివాడికి మాత్రం ముందు రఫ్ కట్ (పూర్తికాని తొలి ఎడిటింగ్) చూపించండి. ‘వద్దు’ అంటే ఆ ముక్క తీసేయండి.

నిప్పుకోడి:
బలం ఉన్నవాడెవరో కూడా డైరెక్టరే తేలుస్తాడుగా?