ఐదు పతకాల ఫ్రాంక్ బర్క్: తొలితరం రెండాటల ఆటగాళ్లలో అగ్రస్థానం అతనిదేనా?

గోదారిగట్టు:

నేను డబ్లిన్ నగరానికి దక్షిణాన రాత్‌ఫార్నమ్ దగ్గర ఉంటాను. ఆదివారాలు పిల్లలతో వెళ్లే పార్కులో చెట్ల మధ్య ఒక పాత రాతి భవనం ఉంది. ఇప్పుడది పియర్స్ మ్యూజియం. ఒకప్పుడు ఐరిష్ స్వాతంత్ర్య పోరాట నాయకుడు ప్యాట్రిక్ పియర్స్ నడిపిన సెయింట్ ఎండాస్ బడి. కిల్డేర్ కౌంటీలోని కార్‌బరీలో 1895లో పుట్టిన ఫ్రాంక్ బర్క్ ఈ బడిలోనే చదువుకున్నాడు, బ్రిటిషు పాలన మీద జరిగిన 1916 ఈస్టర్ తిరుగుబాటులో గురువు పియర్స్ వెంట డబ్లిన్ జనరల్ పోస్టాఫీసులో పోరాడాడు, వేల్స్‌లోని ఫ్రాన్‌గాక్ నిర్బంధ శిబిరం చూసి వచ్చాడు, పియర్స్‌ను బ్రిటిషు సైన్యం కాల్చి చంపిన తర్వాత అదే బడిలో పాఠాలు చెప్పి, చివరికి ప్రధానోపాధ్యాయుడై, 1935లో అది మూతపడేదాకా దాన్ని మోశాడు. ఈ మధ్యలోనే అతను డబ్లిన్ కౌంటీ తరఫున ఐదు ఆల్ ఐర్లాండ్ (కౌంటీల మధ్య జరిగే జాతీయ పోటీ) పతకాలు గెలిచాడు: హర్లింగ్‌లో 1917, 1920, గేలిక్ ఫుట్‌బాల్‌లో 1921, 1922, 1923.

తెలియని వారి కోసం ఒక మాట. హర్లింగ్ అంటే చివర వెడల్పుగా ఉండే, యాష్ అనే చెట్టు కర్రతో చిన్న గట్టి బంతిని కొట్టే ఆట. గేలిక్ ఫుట్‌బాల్‌లో పెద్ద బంతిని చేత్తోనూ కాలితోనూ ఆడతారు. మైదానం అదే, స్తంభాలు అవే, జట్టుకు పదిహేను మంది, అడ్డకర్ర కిందుగా పోతే గోల్, పైగా పోతే పాయింట్, ఒక గోల్‌కు మూడు పాయింట్ల విలువ. అయినా ఒకటి మణికట్టు ఆట, మరొకటి భుజాల ఆట. రెండింటిలోనూ దేశపు అత్యున్నత టైటిల్ గెలిచినవారు చాలా కొద్దిమంది.

పియర్స్ గ్రేస్‌కూ (ఫుట్‌బాల్‌లో డబ్లిన్ తరఫున 1906, 1907; హర్లింగ్‌లో కిల్కెన్నీ తరఫున 1911, 1912, 1913), వెక్స్‌ఫర్డ్ వాసి ప్యాడీ మాకీకీ (హర్లింగ్ 1910; ఫుట్‌బాల్ 1915 నుంచి 1918 వరకు) కూడా సరిగ్గా ఐదేసి పతకాలున్నాయి. 1920ల మధ్య వరకు ఆడినవారిలో ఈ ముగ్గురిలో ఎవరు పైన అన్నదే ప్రశ్న. నా ఓటు బర్క్‌కు. గ్రేస్ రెండు కౌంటీల మధ్య సర్దుకోవలసి వచ్చింది, మాకీకి హర్లింగ్‌లో ఉన్నది ఒక్కటే పతకం, బర్క్ మాత్రం ఒకే కౌంటీ చొక్కాలో రెండు ఆటలనూ ఏళ్ల తరబడి మోశాడు.

లెక్కల మాస్టారు:

ఏళ్ల తరబడి అన్న మాట దగ్గరే నేను ఆగిపోయాను. ఐర్లాండ్‌లో ఆ రోజుల్లో పోటీకి పెట్టిన సంవత్సరం వేరు, ఫైనల్ ఆడిన సంవత్సరం వేరు. స్వాతంత్ర్య పోరాటం వల్ల, ఆపైన అంతర్యుద్ధం వల్ల మ్యాచ్‌లు వాయిదా మీద వాయిదా పడ్డాయి. 1920 హర్లింగ్ ఫైనల్ 1922 మే 14న జరిగింది. 1921 ఫుట్‌బాల్ ఫైనల్ 1923 జూన్ 17న, 1922 ఫైనల్ కూడా 1923లోనే అక్టోబరు 7న, 1923 ఫైనల్ 1924 సెప్టెంబరు 28న జరిగాయి. అంటే బర్క్ ఐదు పతకాల్లో నాలుగు 28 నెలల్లో వచ్చినవే. 1921, 1922 అని రెండు వేర్వేరు ఏళ్ల పేర్లున్న ఫుట్‌బాల్ టైటిళ్ల మధ్య నిండా నాలుగు నెలలు కూడా లేవు!

దీనివల్ల పతకం విలువ తగ్గుతుందని నేను అనను. కానీ పట్టికలో 1917 నుంచి 1923 వరకు ఏడేళ్ల పొడవునా పరుచుకున్నట్టు కనిపించే ఈ జీవితం, ఆడిన తేదీల ప్రకారం రాసుకుంటే 1917 అక్టోబరులో ఒక విజయం, నాలుగున్నరేళ్ల విరామం, ఆ తర్వాత ఒక్క ఊపులో నాలుగు అన్నట్టు ఉంటుంది. మంచి ఊపు మీదున్న ఒకే జట్టు, ఇంచుమించు ఒకే మనుషులతో, పేరుకుపోయిన బాకీలన్నీ ఒక్కసారి వసూలు చేసుకున్నట్టన్నమాట. మామూలు రోజుల్లో ఒక ఆటగాడు ఒక ఏడాదికీ మరో ఏడాదికీ మధ్య గాయాలు, వయసు, కొత్త కుర్రాళ్ల పోటీ తట్టుకుని నిలబడాలి. ఆ పరీక్ష బర్క్‌కు ఫుట్‌బాల్‌లో పూర్తిగా ఎదురుకాలేదు. మాకీ నాలుగు ఫుట్‌బాల్ పతకాలు మాత్రం నాలుగు సీజన్లలో ఒకదాని వెంట ఒకటి వచ్చినవి.

శారద, వరంగల్:

నాదొక ప్రాథమిక సందేహం. కిల్డేర్‌లో పుట్టిన మనిషి డబ్లిన్‌కు ఎలా ఆడాడు? కౌంటీ అభిమానమే ఈ ఆటలకు ప్రాణమని ఎక్కడ చూసినా రాస్తారు. పుట్టిన ఊరు ఒకచోట, ఆడిన జెండా మరోచోట అయితే, ఆ పతకాలు డబ్లిన్ నగరం గొప్పా, ఆటగాడి గొప్పా?

పాత స్కోరుబోర్డు:

శారదగారూ, ఆ రోజుల నిబంధన ప్రకారం మనిషి ఎక్కడ ఉండి క్లబ్బులో ఆడుతుంటే ఆ కౌంటీకే ఆడాలి. పల్లెల నుంచి చదువులకీ, బట్టల దుకాణాల్లో గుమాస్తా పనులకీ, ప్రభుత్వోద్యోగాలకీ వచ్చిన యువకులందరూ డబ్లిన్ క్లబ్బుల్లో చేరేవారు. బయట ఉంటున్న ఆటగాడు సొంత కౌంటీకే ఆడతానని కోరుకునే వీలు 1925లో గానీ రాలేదు. డబ్లిన్ హర్లింగ్ జట్టులో అయితే ఈ వలస బలం మరీ ఎక్కువ. చాలా తర్వాత, 1938లో గెలిచిన జట్టులో కూడా డబ్లిన్‌లో పుట్టినవాడు జిమ్ బర్న్ ఒక్కడే. 1917లో గెలిచింది కాలీజియన్స్ అనే విశ్వవిద్యాలయపు క్లబ్ ఎంచుకున్న జట్టు, అంటే ఊరూరి నుంచి వచ్చిన విద్యార్థుల కలయిక. నాగపూర్‌లో పుట్టిన మన సి.కె. నాయుడు హోల్కర్‌కు ఆడితే ఎవరూ తప్పు పట్టలేదు కదా.

కానీ మీ ప్రశ్నలో ఒక పదునుంది, దాన్ని నేను మాకీ వైపు తిప్పుతాను. మాకీ తన సొంత వెక్స్‌ఫర్డ్‌కే రెండు ఆటలూ ఆడాడు. అక్కడ నగరం కూడబెట్టి ఇచ్చిన బలం ఏమీ లేదు. 1913లోనూ 1914లోనూ ఫుట్‌బాల్ ఫైనల్లో కెర్రీ చేతిలో ఓడిన జట్టు మళ్లీ లేచి, 1915లో అదే కెర్రీని ఓడించి, వరుసగా నాలుగు గెలిచింది. 1910 హర్లింగ్ ఫైనల్ సంగతి చూడండి: వెక్స్‌ఫర్డ్ 7 గోల్స్, ఒక్క పాయింటూ లేదు, లిమరిక్ 6 గోల్స్, 2 పాయింట్లు. గోల్‌ను మూడుగా లెక్కిస్తే 21, 20. మైదానమంతా గోల్స్ కురిసిన ఆ మధ్యాహ్నం ఒక్క పాయింటు తేడాతో వచ్చిన పతకం అది. మాకీకి హర్లింగ్‌లో ఒక్కటే ఉందని గోదారిగట్టుగారు తేలిగ్గా తీసేశారు. ఆ ఒక్కటీ ఎంత గట్టిదో ఈ స్కోరు చెబుతుంది. అదే జట్లలో ఆడి, 1915 నుంచి 1917 వరకు ఫుట్‌బాల్ కెప్టెన్‌గా కూడా ఉన్న షాన్ ఓకెన్నెడీకి నాలుగు పతకాలున్నాయి. అతన్ని కూడా మనం మరచిపోకూడదు.

గోదారిగట్టు:

మాస్టారి తేదీల లెక్కను ఒప్పుకుంటున్నాను, కానీ దాని నుంచి ఆయన తీసిన ఫలితాన్ని ఒప్పుకోలేను. 28 నెలల్లో నాలుగు పతకాలన్నారు. ఆ 28 నెలల్లో డబ్లిన్ ఆడిన ఫైనళ్లు ఎన్నో కూడా లెక్కపెట్టండి. 1922 మేలో హర్లింగ్, జూన్ 11న 1920 ఫుట్‌బాల్ ఫైనల్ (టిప్పరెరీ చేతిలో ఓటమి), 1923 మార్చి 4న 1921 హర్లింగ్ ఫైనల్ (హర్లింగ్ విజేతకిచ్చే లియమ్ మకార్తీ కప్పు కోసం జరిగిన మొదటి ఫైనల్ అదే, లిమరిక్ చేతిలో ఓటమి), ఆపైన మీరు చెప్పిన మూడు ఫుట్‌బాల్ ఫైనళ్లు. మొత్తం ఆరు. 1922 వేసవిలో అయితే రెండు ఫైనళ్ల మధ్య ఉన్నది నాలుగు వారాలే. ఒక ఆట కర్ర కింద పెట్టి మరో ఆట బంతి అందుకోవడానికి మధ్య విశ్రాంతి లేకపోవడం సులువని మాస్టారు ఎలా అనుకున్నారో నాకు అర్థం కాలేదు. గాయాలకు మానే సమయం ఎక్కువ దొరికేది నిదానంగా జరిగే సీజన్లలోనే.

ఇక ఆ కాలం ఎలాంటిదో చెప్పకుండా ఈ చర్చ పూర్తి కాదు. 1920 నవంబరు 21న డబ్లిన్‌లోని క్రోక్ పార్కు మైదానంలో డబ్లిన్, టిప్పరెరీ ఫుట్‌బాల్ జట్ల మధ్య ఒక స్నేహపూర్వక మ్యాచ్ జరిగింది. ఆ ఉదయం ఐరిష్ తిరుగుబాటు నాయకుడు మైకేల్ కాలిన్స్ మనుషులు నగరంలో బ్రిటిషు గూఢచారి అధికారులను కాల్చి చంపారు; మధ్యాహ్నం ఆట మొదలైన కొద్దిసేపటికే బ్రిటిషు బలగాలు మైదానంలోకి వచ్చి జనం మీద కాల్పులు జరిపాయి. 14 మంది ప్రాణాలు పోయాయి. వారిలో పదేళ్ల పిల్లవాడున్నాడు, మరికొద్ది రోజుల్లో పెళ్లి కావలసిన అమ్మాయి ఉంది. ఆటగాళ్లలో చనిపోయింది టిప్పరెరీకి చెందిన మైకేల్ హోగన్ ఒక్కడే. ఆ రోజు హోగన్ కాపు కాస్తున్న డబ్లిన్ ఫార్వర్డ్ మన బర్క్. ఒకరి భుజానికి ఒకరు భుజం ఆనించి బంతి కోసం పెనుగులాడుతున్న ఇద్దరూ నేల మీద పడుకుని పాకవలసి వచ్చింది. ఒకడు లేచాడు, ఒకడు లేవలేదు. పంతొమ్మిది నెలలు గడవకముందే వాయిదాపడ్డ 1920 ఫైనల్లో ఇవే రెండు కౌంటీలు మళ్లీ క్రోక్ పార్కులోనే తలపడ్డాయి. హోగన్ లేని టిప్పరెరీ గెలిచింది. పట్టికలో బర్క్‌కు ఓటమిగా కనిపించే ఆ ఆట దగ్గర నేను ఎప్పుడూ కాసేపు ఆగుతాను.

లెక్కల మాస్టారు:

ఆ రోజు సంగతి చదివి నేనూ ఆగాను. అయితే మన ప్రశ్న ధైర్యం గురించి కాదు, ఆట గురించి. మనిషిగా బర్క్‌కు ఇచ్చే మార్కులు ఆటగాడిగా అతని ఖాతాలో వేస్తే, అటువంటి మధ్యాహ్నం ఎదురుకాని గ్రేస్‌కూ మాకీకీ అన్యాయం జరుగుతుంది.

ఆ కాలంలోని పోటీ సంగతికి వద్దాం. యుద్ధం అందరినీ ఒకేలా కొట్టలేదు. అంతర్యుద్ధం బలంగా సాగింది కెర్రీ, కార్క్, టిప్పరెరీ, లిమరిక్ కౌంటీలున్న దక్షిణపు మన్‌స్టర్ ప్రాంతంలో. 1922 ఆగస్టులో మాలో దగ్గర రైలు వంతెన కూల్చేశారు, రోడ్లు తెగాయి, ఆటగాళ్లు రెండు పక్షాలుగా చీలి కొందరు జైళ్లలో ఉన్నారు. రాజధానిలో ఉండి సాధన చేసుకునే జట్టుకు ఇది ఎంతోకొంత కలిసివచ్చింది. 1923లో గెలిచిన రెండు ఫైనళ్లలోనూ ప్రత్యర్థులు మేయో, గాల్వే. ఇద్దరూ పడమటి కనాట్ ప్రాంతం వారే, మన్‌స్టర్ వారు కారు. బలమైన కెర్రీతో ఫైనల్ ఆడింది 1924 సెప్టెంబరులోనే. దాన్ని రెండు పాయింట్ల తేడాతో గెలిచారు: డబ్లిన్ ఒక గోల్, 5 పాయింట్లు, కెర్రీ ఒక గోల్, 3 పాయింట్లు. బర్క్ ఫుట్‌బాల్ పతకాల్లో నేను మొదట లెక్కపెట్టేది దాన్నే.

గ్రేస్ విషయంలో కూడా నేను ఇంతే కఠినంగా ఉంటాను. 1911 హర్లింగ్ ఫైనల్ అసలు జరగనే లేదు. కార్క్‌లో మైదానం నీళ్లలో మునిగింది, మ్యాచ్‌ను థర్లెస్‌కు మారిస్తే లిమరిక్ రానంది, టైటిల్ కిల్కెన్నీకి ఇచ్చేశారు. తర్వాత టిప్పరెరీతో ఒక బదులు మ్యాచ్ ఆడి గెలిచిన మాట నిజమే. అయినా ఆ పతకాన్ని 1912, 1913 పతకాల పక్కన అదే వరసలో పెట్టడానికి నా చేయి రాదు.

శారద, వరంగల్:

మీరంతా అయిదు అయిదు అంటున్నారు గానీ, ఈ దారి వేసినవాడు ఎవరో చెప్పలేదు. టిప్పరెరీలోని నీనాకు చెందిన విలియమ్ స్పెయిన్ 1887లో లిమరిక్ కమర్షియల్స్‌తో మొట్టమొదటి ఆల్ ఐర్లాండ్ ఫుట్‌బాల్ టైటిల్, 1889లో డబ్లిన్ కిక్‌హామ్స్‌తో హర్లింగ్ టైటిల్ గెలిచాడని చదివాను. అప్పుడు జట్టుకు 21 మంది. కౌంటీ తరఫున దాని ఛాంపియన్ క్లబ్ ఒక్కటే వెళ్లేది. ఎన్ని పాయింట్లు వచ్చినా ఒక గోల్‌కు సాటి కాని కాలమది. రెండు పతకాలే అయినా అతనిది వేరే కొలత అనిపిస్తుంది.

పాత స్కోరుబోర్డు:

బాగా గుర్తుచేశారు. స్పెయిన్ కూడా పుట్టిన కౌంటీకి కాక, ఉన్న ఊళ్ల క్లబ్బులకే ఆడాడన్నది గమనించండి. ఈ ఆటల తొలి రెండాటల విజేతే వలస మనిషైతే, బర్క్‌ను కిల్డేర్ వాడని పక్కన పెట్టడం కుదరదు. ఆ మేరకు నా మొదటి వాదనను నేనే కొంత తగ్గించుకుంటున్నాను. ఇంకో మాట కూడా ఉంది: కిల్డేర్‌లో హర్లింగ్‌కు పెద్ద బలం లేదు గానీ, ఫుట్‌బాల్‌లో ఆ కౌంటీ 1919లో గెలిచింది. సొంతూరికి ఆడి ఉంటే బర్క్‌కు హర్లింగ్ పతకం దాదాపు అసాధ్యం, ఫుట్‌బాల్ పతకం బహుశా ఇంకా ముందే వచ్చేది. డబ్లిన్ అతనికి ఇచ్చింది రెండో ఆట.

గోదారిగట్టు:

ఆ చివరి వాక్యం నాకు నచ్చింది, అయితే రెండో ఆటను అతనికి ఇచ్చింది డబ్లిన్ నగరం కన్నా ముందు సెయింట్ ఎండాస్ బడి అంటాను. పియర్స్ ఐరిష్ భాషతో పాటు ఐరిష్ ఆటలను కూడా విద్యలో భాగం చేశాడు. కార్‌బరీ కుర్రవాడు హర్లింగ్ కర్రతో మెలిగింది ఆ ప్రాంగణంలోనే.

మాస్టారూ, 1924 కెర్రీ ఫైనల్‌కు మీరు ఇచ్చిన బరువును తీసుకుని, మేయో, గాల్వే ఫైనళ్లకు మీరు తగ్గించిన బరువును కూడా ఒప్పుకుంటాను. అలా లెక్కేస్తే ఫుట్‌బాల్‌లో మాకీ బర్క్ కన్నా పైనే. హర్లింగ్‌లో మాత్రం 1917లో టిప్పరెరీని, 1922 మేలో కార్క్‌ను, అంటే ఆ ఆటకు పుట్టిళ్ల వంటి రెండు మన్‌స్టర్ కౌంటీలను ఫైనళ్లలో ఓడించిన జట్లలో బర్క్ ఉన్నాడు. ఆ రెంటి మధ్య నాలుగున్నరేళ్ల దూరం ఉందని మీరే అన్నారు. మీరు కోరిన ఏళ్ల పరీక్ష అక్కడ జరిగింది. అందుకని ప్రశ్నను మార్చి రాస్తున్నాను: రెండు ఆటల్లోనూ సమానంగా నిలబడినవాడు ఎవరు? దానికి నా జవాబు ఇంకా బర్కే.

లెక్కల మాస్టారు:

అలా అడిగితే అభ్యంతరం లేదు. మొదట అడిగిన ప్రశ్నకు మాత్రం నా ఓటు మాకీకే.