డెస్క్‌టాప్‌లో అనధికారిక ఆండ్రాయిడ్: సెక్యూర్ బూట్ ఆపొచ్చా?

ప్రశ్న
విండోస్ 11 ఉన్న డెస్క్‌టాప్‌లో ఆండ్రాయిడ్-ఎక్స్86 9.0ని (పీసీల కోసం మలచిన అనధికారిక ఆండ్రాయిడ్) డ్యూయల్ బూట్‌గా, అంటే రెంటిలో ఏదో ఒకటి ఎంచుకుని మొదలుపెట్టేలా, వేద్దామనుకుంటున్నాను. సెక్యూర్ బూట్ (పీసీ మొదలయ్యేటప్పుడు బూట్ ఫైళ్ల డిజిటల్ సంతకం సరిచూసే రక్షణ) ఆపమంటున్నారు. బిట్‌లాకర్ (డిస్క్‌ను ఎన్‌క్రిప్ట్ చేసే, అంటే కీ లేకుండా చదవలేని రూపంలోకి మార్చే విండోస్ సదుపాయం) ఆన్‌లో ఉంది. డౌన్‌లోడ్ చేసిన ఐఎస్ఓ (ఇన్‌స్టాల్ ఫైలు) హ్యాష్, అంటే ఫైలును పోల్చి చూసే గుర్తింపు కోడ్, సరిపోతే చాలా? బ్యాంకు యాప్ వాడొచ్చా?

జవాబు 1
హ్యాష్ సరిపోయిందంటే ఫైలు దారిలో చెడలేదని మాత్రమే. హ్యాష్ కూడా అదే సైట్‌లో ఉంటే, సైట్‌లోకి చొరబడ్డవాడు రెండూ మార్చేస్తాడు. అయినా అసలు బెడద ఐఎస్ఓ కాదు. 9.0లోని ఆర్2 విడుదల వచ్చింది 2020లో. ఆ తర్వాత బయటపడ్డ లొసుగులు అందులో అలాగే ఉన్నాయి. వేశాక ఆల్ట్, ఎఫ్1 కలిపి నొక్కి చూడండి. పాస్‌వర్డ్ అడక్కుండానే రూట్ షెల్ (సిస్టమ్ మీద పూర్తి అధికారం ఇచ్చే కమాండ్ తెర) వస్తుంది. కీబోర్డు ముందు ఎవరు కూర్చుంటే వాళ్ల చేతిలో తాళంచెవి పెట్టినట్టే.

బ్యాంకు యాప్ మాత్రం వద్దండీ. ఫోన్‌లో కీలను దాచే హార్డ్‌వేర్ రక్షణ ఇక్కడ ఉండదు. డేటా పార్టిషన్ ఎన్‌క్రిప్ట్ కాకపోతే లైవ్ యూఎస్‌బీతో (పెన్‌డ్రైవ్ నుంచే నడిచే సిస్టమ్‌తో) బూట్ చేసి యాప్ ఫైళ్లన్నీ ఎత్తుకుపోవచ్చు.

జవాబు 2
సెక్యూర్ బూట్ ఆపగానే బిట్‌లాకర్ 48 అంకెల రికవరీ కీ అడిగే అవకాశం ఎక్కువ. ముందు ఆ కీని వేరే చోట రాసుకోండి, బిట్‌లాకర్‌ను సస్పెండ్ చేయండి (తాత్కాలికంగా నిలపండి), ఆ తర్వాతే బయోస్ (సెక్యూర్ బూట్ ఆపే పీసీ సెట్టింగ్స్) జోలికి వెళ్లండి. పూర్తిగా తీసేయకండి: బిట్‌లాకర్ లేకపోతే ఆండ్రాయిడ్‌లోని రూట్ ప్రోగ్రామ్ విండోస్ ఫైళ్లను చదివేస్తుంది. అది ఉన్నా ఈఎఫ్ఐ పార్టిషన్ (బూట్ ఫైళ్లు ఉండే డిస్క్ భాగం) ఎన్‌క్రిప్ట్ కాదు. అక్కడి బూట్ ఫైలును ఎవరైనా మార్చితే, సంతకం సరిచూసే సెక్యూర్ బూట్ అప్పటికే ఆపేసి ఉంటుంది.

జవాబు 3
ఏ బిల్డ్ (తయారైన ఆండ్రాయిడ్ వెర్షన్) వేసినా సెట్టింగ్స్‌లో బిల్డ్ నంబర్ చూడండి. చివర ‘టెస్ట్-కీస్’ అని ఉంటే ఆ సంతకపు కీలు ఆండ్రాయిడ్ సోర్స్ కోడ్‌లోనే అందరికీ దొరుకుతాయి. వాటితో సంతకం చేసిన యాప్ సిస్టమ్ స్థాయి అనుమతులు పొందగలదు.

ప్రశ్న అడిగినవారు
అయితే వర్చువల్ మెషీన్‌లో (విండోస్ లోపలే నడిచే నకిలీ కంప్యూటర్‌లో) వేస్తే?

జవాబు 2
అదే మేలు, సెక్యూర్ బూట్ ముట్టుకోనక్కర్లేదు. నెట్‌వర్క్ ‘నాట్’లో (వర్చువల్ మెషీన్ మీ పీసీ వెనకే దాగి ఉండే పద్ధతి) ఉంచండి, బ్రిడ్జ్ (అది నేరుగా నెట్‌వర్క్‌లో చేరే పద్ధతి) పెడితే ఏడీబీ (ఆండ్రాయిడ్‌ను వేరే కంప్యూటర్ నుంచి నియంత్రించే సాధనం) 5555 పోర్ట్ తెరిచి ఉన్న బిల్డ్ మీ లోకల్ నెట్‌వర్క్ అంతటికీ కనిపిస్తుంది. షేర్డ్ ఫోల్డర్, క్లిప్‌బోర్డ్ రెండూ ఆపండి. లాగిన్‌కు విడిగా ఒక గూగుల్ ఖాతా తెరవండి. యాప్ పరీక్షించడమే పనైతే ఆండ్రాయిడ్ స్టూడియో (గూగుల్ వారి యాప్ తయారీ సాఫ్ట్‌వేర్) ఎమ్యులేటర్ చాలు.