ఆంఫిషియన్: అర్థం ఏమిటి, తెలుగులో ఏమనాలి?

పాతపటం (ప్రశ్న)

18వ శతాబ్దపు ఇంగ్లీషు భూగోళ పాఠం ఒకటి తెలుగులోకి తెస్తున్నాం. గ్లోబు వాడకం చెప్పే భాగంలో ఉష్ణమండలంలో ఉండేవాళ్ళకి "ఆంఫిషియన్" అనే విశేషణం తగిలించారు. వెంటే ఆషియన్, హెటరోషియన్, పెరిషియన్ అని దాని తోబుట్టువులు మరో ముగ్గురు. నిఘంటువు తీస్తే "ఇరువైపులా నీడ కలవారు" అని ఒక్క ముక్కతో సరిపెట్టింది.

ఇరువైపులా అంటే పొద్దున పడమటికి, సాయంత్రం తూర్పుకి అనా? అలాగైతే లోకమంతా అంతే కదా. మన ఊళ్ళు ఇందులోకి వస్తాయా? మనుషులకే వాడాలా, ఊరికీ వాడొచ్చా? ప్రస్తుతానికి "ద్విఛాయ ప్రజలు" అని రాసుకున్నాం కానీ చెవికి ఇంపుగా లేదు. తెలిసినవాళ్ళు చెప్పగలరు.

శంకువు

తూర్పు పడమరల సంగతి కాదండీ, ఉత్తర దక్షిణాలది. అది కూడా ఒక్క మధ్యాహ్నపు నీడ గురించే. సూర్యుడు ఆ రోజుకి అన్నిటికన్నా ఎత్తుకి చేరిన క్షణంలో నిలువు కర్ర నీడ ఉత్తరానికి పడిందా, దక్షిణానికి పడిందా అన్నదే లెక్క. ఏడాదిలో కొన్నాళ్ళు ఉత్తరానికీ కొన్నాళ్ళు దక్షిణానికీ పడే చోట ఉండేవాళ్ళు ఆంఫిషియన్లు. కర్కట రేఖకీ మకర రేఖకీ నడుమ ఉన్నవాళ్ళందరూ వీళ్ళే.

మీ అనువాదంలో "మధ్యాహ్నం" అన్న మాట జారిపోకూడదు. మార్చి 21 దాటాక సెప్టెంబరు 23 దాకా సూర్యుడు తూర్పుకి కాస్త ఉత్తరంగా ఉదయిస్తాడు. అందుకని పొద్దున్నే నీడ పడమటికి కాస్త దక్షిణంగా వాలుతుంది. ఢిల్లీలో అంతే, లండన్‌లోనూ అంతే. మధ్యాహ్నం అన్న షరతు లేకపోతే లండన్ వాళ్ళు కూడా ఆంఫిషియన్లు అయిపోతారు, ఇక ఈ విభజనకి అర్థమే ఉండదు.

మన ఊళ్ళన్నీ వస్తాయి. ఆంధ్రప్రదేశ్, తెలంగాణ రెండూ 20 డిగ్రీల ఉత్తర అక్షాంశానికి కిందే ఉన్నాయి, కర్కట రేఖ 23.44 దగ్గర ఉంది. హైదరాబాదు (17.39) తీసుకుని ఒక మీటరు కర్ర నిలబెట్టారనుకోండి. డిసెంబరు 21న మధ్యాహ్నపు నీడ ఉత్తరానికి 86 సెంటీమీటర్లు. మార్చి 21న ఉత్తరానికే 31. మే 9 ప్రాంతంలో సున్నా. జూన్ 21న దక్షిణానికి పదిన్నర. మళ్ళీ ఆగస్టు 3 ప్రాంతంలో సున్నా, ఆపైన ఉత్తరానికి తిరుగు ప్రయాణం. లెక్క చిన్నదే: ఊరి అక్షాంశంలోంచి ఆనాటి సూర్యుడి క్రాంతి (ఆ రోజు సూర్యుడు ఏ అక్షాంశం మీద నడినెత్తికి వస్తాడో ఆ కోణం, దక్షిణమైతే రుణం) తీసేయండి. మిగులు ధనమైతే నీడ ఉత్తరానికి, రుణమైతే దక్షిణానికి. పొడవు కావాలంటే ఆ కోణం టాంజెంటుతో కర్ర ఎత్తుని గుణించాలి. డిసెంబరులో క్రాంతి మైనస్ 23.44 కాబట్టి 17.39 లోంచి తీస్తే 40.83 వస్తుంది, దాని టాంజెంటు 0.864.

మిగతా ముగ్గురి సంగతి. ఉష్ణమండలం బయట, ధ్రువవృత్తాల లోపలికి పోకుండా ఉండేవాళ్ళ మధ్యాహ్నపు నీడ ఏడాది పొడవునా ఒకే దిక్కు. వాళ్ళు హెటరోషియన్లు. డల్లాస్‌లోనూ న్యూజెర్సీలోనూ ఉన్న తెలుగువాళ్ళకి ఎప్పుడూ ఉత్తరానికే, సిడ్నీ, మెల్‌బోర్న్‌లలో ఎప్పుడూ దక్షిణానికే. ధ్రువవృత్తం లోపల, సూర్యుడు అస్తమించని రోజుల్లో నీడ 24 గంటల్లో కర్ర చుట్టూ ఒక చుట్టు తిరిగొస్తుంది. వాళ్ళు పెరిషియన్లు. అంటార్కిటికాలో మన మైత్రి, భారతి కేంద్రాల్లో డిసెంబరులో ఉండేవాళ్ళు అచ్చంగా ఈ కోవలోకే వస్తారు. నడినెత్తిన సూర్యుడుండి మధ్యాహ్నం నీడే లేనివాళ్ళు ఆషియన్లు.

నిఘంటుపురుగు

మాట పుట్టుక ఇంతకన్నా రుచిగా ఉంటుంది. గ్రీకులో "ఆంఫి" అంటే ఇరుపక్కలా, "స్కియా" అంటే నీడ. ఈ స్కియా, మన "ఛాయ" ఒకే మూలం నుంచి వచ్చిన జ్ఞాతులు. "ఆంఫి"కి సంస్కృతంలో దగ్గర చుట్టం "అభితః", దానికీ ఇరుపక్కలా అనే అర్థం. కాబట్టి "ఛాయ" పెట్టి మాట కడితే అది పరాయి సరుకేమీ కాదు.

ఈ వర్గీకరణని క్రీస్తుపూర్వం 1వ శతాబ్దపు గ్రీకు తత్త్వవేత్త పోసిడోనియస్‌కి ఆపాదించి, తన భూగోళ గ్రంథంలో భద్రపరిచినవాడు గ్రీకు భూగోళవేత్త స్ట్రాబో. ఆయన దగ్గర ఉన్నవి మూడే: ఆంఫిస్కియోయి, హెటరోస్కియోయి, పెరిస్కియోయి. గమనించాల్సింది, ఇవన్నీ మనుషుల పేర్లు. ప్రదేశం పేర్లు కావు. ఇంగ్లీషులోనూ మొదట నామవాచకంగా "ఆంఫిషియన్లు" అన్నారు, విశేషణం దాని వెంట వచ్చింది. అందుకని "ఆంఫిషియన్ జనం" సాధువు. "ఆంఫిషియన్ నగరం" అంటే తప్పు పట్టేవాళ్ళు లేరు గానీ పాత వచనంలో అలా కనిపించడం అరుదు. తెలుగులో ఊరికి చెప్పాలంటే "ఉభయచ్ఛాయా ప్రదేశం" అని వేరే సమాసం చేసుకోవడం మేలు.

ఉచ్చారణ: ఇంగ్లీషులో "షియన్". గ్రీకు రూపం ఇచ్చేటప్పుడు మాత్రం "స్కి" రాయండి. ఒకే పేజీలో రెండూ కలగలిపితే పాఠకుడు అవి రెండు మాటలనుకుంటాడు. ఇంకో ఇబ్బంది, "ఆషియన్" అని తెలుగులో రాస్తే వందకి తొంభైమంది "ఆసియన్" అని చదువుకుని ముందుకి పోతారు. దాన్ని తప్పకుండా అనువదించండి.

ఇక మీ "ద్విఛాయ". చెవికి ఇంపుగా లేకపోవడానికి కారణం సంధి. హ్రస్వం తర్వాత ఛకారం వస్తే మధ్యలో చకారం చేరాలి: వృక్షచ్ఛాయ, పరిచ్ఛేదం లాగా. కాబట్టి ద్విచ్ఛాయ. అయినా "ద్వి" అంటే ఒకేసారి రెండు నీడలున్నట్టు వినిపిస్తుంది, రెండు దీపాల మధ్య నిలబడ్డ మనిషికి లాగా. "ఉభయచ్ఛాయులు" అనండి. హెటరోషియన్లకి "ఏకచ్ఛాయులు" సరిపోతుంది. పెరిషియన్లకి "పరిచ్ఛాయులు" అనొచ్చు గానీ, గ్రహణాల పాఠంలో ప్రచ్ఛాయ, ఉపచ్ఛాయ చదివినవాళ్ళు దాన్నీ వాటి జాబితాలో వేసేస్తారు. అక్కడ "చుట్టునీడవారు" అన్న అచ్చతెలుగే నయం. ఆషియన్లకి మాట వెతకక్కర్లేదు, "అచ్ఛాయ" బృహదారణ్యకోపనిషత్తులోనే ఉంది, అక్షరతత్త్వాన్ని నీడలేనిది అని వర్ణించేచోట.

పలభ

నిఘంటుపురుగు గారి "ఉభయచ్ఛాయులు" బాగుంది. ఒక్క మాట చేర్చాలి. మన జ్యోతిష సిద్ధాంత గ్రంథాలకి మనుషులని ఇలా తెగలుగా విడదీసే అవసరం పడలేదు. వాళ్ళకి కావలసింది ఊరికి ఒక అంకె: విషువం (పగలూ రాత్రీ సమానమయ్యే రోజు) నాటి మధ్యాహ్నం 12 అంగుళాల శంకువు (నిలువు కర్ర) నీడ పొడవు. దాని పేరే పలభ, విషువచ్ఛాయ అని కూడా అంటారు. హైదరాబాదుకి 3 అంగుళాల 45 వ్యంగుళాలు, విజయవాడకి 3 అంగుళాల 33, తిరుపతికి 2 అంగుళాల 55. (60 వ్యంగుళాలు ఒక అంగుళం.) ఆ అంకెని విడివిడిగా ఒకసారి 10తో, ఒకసారి 8తో గుణించి, మూడోసారి 10తో గుణించి 3తో భాగించి చరఖండాలు (పగటి పొడవులో తేడాని లెక్కించే మూడు అంకెలు) తీస్తారు. వాటి నుంచే ఆ ఊరి పగటి పొడవు, లగ్నాలు. నీడ దిక్కుకి సౌమ్యం, యామ్యం అన్న మాటలున్నాయి, ఉత్తరం, దక్షిణం అని. మీ అధోసూచికలో ఈ ముక్క వేస్తే తెలుగు పాఠకుడికి గ్రీకు మాట పరాయిగా తోచదు.

పాతపటం

అందరికీ కృతజ్ఞతలు. రెండు చిక్కులు మిగిలాయి. మూలంలో ఒకచోట ఉష్ణమండలం మొత్తాన్నీ "ఆషియన్" అని, నాలుగు పేరాల తర్వాత అదే జనాన్ని "ఆంఫిషియన్" అని రాశారు. అచ్చుతప్పా? రెండోది, పాఠకులు ఇంటి మేడ మీద చేసి చూసుకునేలా చిన్న ప్రయోగం పెడదామనుకుంటున్నాం. "మే నెలలో మధ్యాహ్నం 12 గంటలకి నీడ మాయమవుతుంది" అని రాస్తే చాలా?

ఎండపొడ

మొదటిది అచ్చుతప్పు కాదు. ఉష్ణమండలంలో ప్రతి ఊరికీ ఏడాదిలో రెండు రోజులు నీడ లేని మధ్యాహ్నం వస్తుంది కాబట్టి, పాత రచయితలు ఆ రెండు రోజులని బట్టి జనాన్ని ఆషియన్లనీ, మిగతా ఏడాదిని బట్టి ఆంఫిషియన్లనీ పిలిచారు. మనుషులు వాళ్ళే, చూసిన రోజు వేరు. సరిగ్గా కర్కట రేఖ మీద ఉన్న ఊరికి మాత్రం అచ్ఛాయ దినం జూన్ 21 ఒక్కటే. అక్కడ నీడ దక్షిణానికి ఎన్నడూ దాటదు, కాబట్టి ఆ జనం ఆంఫిషియన్లు కారు.

రెండోది అలా రాస్తే పాఠకులు మిమ్మల్ని తిట్టుకుంటారు. గడియారపు 12 వేరు, సూర్యుడి మధ్యాహ్నం వేరు. మన గడియారం 82.5 డిగ్రీల రేఖాంశానిది. ఊరు దానికి ఎన్ని డిగ్రీలు పడమర ఉంటే డిగ్రీకి 4 నిమిషాలు కలపాలి, తూర్పున ఉంటే తీసేయాలి. దాని మీద కాలసమీకరణం (గడియారానికీ సూర్యుడికీ ఏడాది పొడవునా మారుతూ ఉండే తేడా) సవరణ: మే రెండో వారంలో సూర్యుడు మూడున్నర నిమిషాలు ముందుంటాడు, ఆగస్టు మొదట్లో ఆరు నిమిషాలు వెనకబడతాడు. హైదరాబాదుకి మేలో 12:12, ఆగస్టులో 12:22. విశాఖకి మే 10 ప్రాంతంలో 11:53 దాటిన అర నిమిషానికే అయిపోతుంది. అక్కడ 12కి మేడెక్కినవాడికి మీటరు కర్ర పక్కన రెండున్నర సెంటీమీటర్ల పైన నీడ, తూర్పు వైపుకి, కనిపిస్తుంది. నెత్తిమీద సూర్యుడు జరిగే వేగానికి మీటరు కర్ర నీడ నిమిషానికి 4 మిల్లీమీటర్లు కదులుతుంది.

తేదీ విషయంలో అంత కంగారు లేదు. ఆ రోజుల్లో మధ్యాహ్నపు నీడ రోజుకి 5 మిల్లీమీటర్ల లోపే మారుతుంది. పైగా సూర్యుడు చుక్క కాదు, అర డిగ్రీ వెడల్పు బిళ్ళ. మీటరు ఎత్తు నుంచి పడే నీడ అంచు 9 మిల్లీమీటర్ల మేర మసకగానే ఉంటుంది. లీపు సంవత్సరాల వల్ల తేదీ ఒక రోజు అటూఇటూ అవుతుందని ఒక మాట వేయండి.

అసలు దెబ్బకొట్టేది కర్ర వంకర. ఒక్క డిగ్రీ వాలితే మీటరుకి పదిహేడున్నర మిల్లీమీటర్లు తేడా, అంటే మూడు నాలుగు రోజుల మార్పు మొత్తం అందులో మునిగిపోతుంది. మేడ నేలని నమ్మొద్దు, వాన నీళ్ళు పోవడానికి ఎలాగూ వాటంగా కడతారు. తాపీమేస్త్రీ తూకం గుండుని కర్ర పక్కన రెండు దిక్కుల నుంచి, ఒకసారి ఉత్తరం వైపు నిలబడి, ఒకసారి తూర్పు వైపు నిలబడి, పట్టి చూడాలి. అడుగున ఒక పలక వేసి నీటిమట్టంతో సరిచేసుకోవాలి.

కర్రకన్నా అంగుళం పీవీసీ గొట్టం మీటరు ముక్క మంచిది. నిలువుగా నిలబెట్టి, అడుగున పక్కగా చిన్న గాటు కోసి తెల్ల కాగితం దూర్చండి. సమయం దగ్గరపడేకొద్దీ గొట్టం లోపల సన్నని నెలవంకలా వెలుగు మొదలై, నిండి, కాగితం మీద గుండ్రంగా నిలుస్తుంది. నాలుగైదు నిమిషాల్లో రెండో పక్క నుంచి తరుగుతుంది. "నీడ లేదు" అనడం కన్నా "వెలుగు నిండింది" అనేది కంటికి తేలిగ్గా దొరుకుతుంది. గొట్టంలోంచి సూర్యుణ్ణి కంటితో చూడొద్దని మాత్రం ముందే పెద్ద అక్షరాల్లో వేయండి, పిల్లలు చేసే మొదటి పని అదే.

మబ్బు సంగతి: ఆగస్టు తేదీ వానాకాలంలో పడుతుంది. ప్రయోగాన్ని మే తేదీకే పెట్టుకోమనండి.

పాతపటం

ఇలా రాశాం, చూడండి:

"ఉభయచ్ఛాయులు: ఉష్ణమండల వాసులు. వీరికి మధ్యాహ్నవేళ నీడ ఆరు నెలలు ఉత్తరమునకును ఆరు నెలలు దక్షిణమునకును పడును."

శంకువు

"ఆరు నెలలు" మూలంలో ఉంటే ఉంచండి, కానీ అధోసూచిక తప్పనిసరి. సగం సగం పడేది భూమధ్యరేఖ మీదే. సింగపూర్‌లో దాదాపు అంతే. ఉత్తరానికి జరిగేకొద్దీ దక్షిణపు నీడ రోజులు తరిగిపోతాయి. తిరుపతికి ఏప్రిల్ 26 నుంచి ఆగస్టు 16 దాకా సుమారు 112 రోజులు, హైదరాబాదుకి 86, ఆదిలాబాదుకి మే 19 నుంచి జులై 25 దాకా 67. మూలంలో ఆ అంకె లేకపోతే "కొన్నాళ్ళు ఉత్తరమునకును, కొన్నాళ్ళు దక్షిణమునకును" అని మార్చేయండి.

నిఘంటుపురుగు

అక్కడే "మధ్యాహ్నవేళ" అన్నారు. వేళ అంటే గంటో రెండు గంటలో అనుకుంటారు. "సూర్యుడు నడిమింట ఉన్నప్పుడు" అనండి.