గ్రీస్ ప్రైవేట్ టూర్: ఏజెన్సీ ఇచ్చిన ప్లాన్ ఇది, ఏం మార్చమంటారు?

బెజవాడ అమ్మాయి (ప్రశ్న):
అందరికీ నమస్కారం. 2026 ఏప్రిల్‌లో అమ్మానాన్నల్ని గ్రీస్ తీసుకెళ్తున్నాం. నేను, తమ్ముడు, వాళ్లిద్దరూ, మొత్తం నలుగురం. నాన్న సోషల్ మాస్టారుగా రిటైరయ్యారు, 68 ఏళ్లు. ఏథెన్స్, స్పార్టా అంటూ నల్లబల్ల మీద ముప్పై ఏళ్లు మ్యాపులు గీశారు కానీ విమానం ఎక్కడం ఇదే మొదటిసారి. అమ్మకి ఒక మోకాలు ఆపరేషన్ అయింది, రెండోది ఇంకా కాలేదు. అందుకే గ్రూప్ టూర్ కాకుండా సొంతంగా వ్యాన్, డ్రైవర్‌తో ఏర్పాటు చేసుకుంటున్నాం.

"ప్రాచీన, మధ్యయుగ గ్రీస్" అని ఏజెన్సీ పంపిన ప్లాన్ ఇది. 8న ఏథెన్స్‌లో దిగడం. 9న అక్రోపోలిస్, మ్యూజియం. 10న కొరింత్, మైసీనీ, ఎపిడారస్ (ప్రాచీన రంగస్థలం) చూసి రాత్రికి ఒలింపియా. 11న ఒలింపియా, మిస్ట్రాస్, మళ్లీ ఏథెన్స్. 12న డెల్ఫీ, రాత్రికి కలంబాకా. 13న మెటియోరా, అక్కణ్ణుంచి తెస్సలోనికి. 14న వెర్గినా చూసి ఏథెన్స్ వెనక్కి. 15న తిరుగు ప్రయాణం.

ఇది జరిగే పనేనా? "డ్రైవర్ కమ్ గైడ్" అంటున్నారు, వేరే గైడ్ అక్కర్లేదా? అమ్మ గుడ్డు కూడా తినదు, అక్కడ ఏం దొరుకుతుంది?

ఫ్రాంక్‌ఫర్ట్ కరీంనగరోడు:
చెల్లె, ముందుగాల తారీకులు సూడు, జాగల సంగతి తర్వాత. 12 నాడు డెల్ఫీ అని రాసిండ్రు. గా రోజు గ్రీకోళ్ల ఈస్టర్, సైట్లన్నీ బంద్. మన క్యాలెండర్ల ఈస్టర్ 5 తారీకుకే ఉంటది. అది చూసి పండుగ అయిపోయిందనుకున్నరు కావచ్చు. ఆర్థడాక్స్ ఈస్టర్ లెక్క వేరే, ఈసారి వారం తేడా వచ్చింది. 10 నాడు వాళ్ల గుడ్ ఫ్రైడే, పగటీలి 12 దాక గేట్లు తెరువరు. అంటే కొరింత్, మైసీనీ, ఎపిడారస్ మూడూ మధ్యాహ్నం తర్వాతనే చూడాలె. ఎట్ల అయితది?

ఇంకోటి, 11 నాటి రోడ్డు. ఒలింపియా నుంచి మిస్ట్రాస్ దగ్గర దగ్గర మూడు గంటలు, ఆడ్నుంచి ఏథెన్స్ ఇంకో మూడు. మరి దిగి చూసుడు ఎప్పుడు? 14 నాడైతే తెస్సలోనికి నుంచి ఏథెన్స్ 500 కిలోమీటర్లు. అమ్మ మోకాలు బండిలనే పట్టేస్తది. పది రోజులు వెనక్కి జరుపుండ్రి. మే 1 మాత్రం తగలకుండ చూసుకోండ్రి, అది గూడ సెలవే.

ఏథెన్స్‌లో మూడేళ్లు ఉన్నక్క:
తారీకుల మాట ఆయన చెప్పేశారు కాబట్టి నేను గైడ్ సంగతి చెప్తాను. "డ్రైవర్ కమ్ గైడ్" అన్న మాటకి పడిపోకండి. గ్రీస్‌లో సైట్ల లోపల, మ్యూజియంలలో తిప్పి వివరించాలంటే లైసెన్స్ ఉన్న గైడే అయ్యుండాలి. డ్రైవర్ ఎంత చదువుకున్నవాడైనా దారిలో కబుర్లు చెప్తాడు, గేటు దాకా దింపుతాడు, అక్కడితో సరి. మా అత్తమామలు వచ్చినప్పుడు నాకూ ఈ సంగతి తెలీదు. మైసీనీ గేటు దగ్గర డ్రైవరు చెయ్యి చూపించి "లోపలికి వెళ్లి రండి, నేను కాఫీ తాగుతుంటాను" అన్నాడు. ఆయన తప్పేం లేదు, రూలే అది. ఆ మాట మాకు ముందు చెప్పని ఏజెన్సీది తప్పు. మామయ్యగారు ఆ ఎండలో సింహాల శిల్పం ఉన్న ద్వారం దగ్గర నిలబడి, నా ఫోన్లో వికీపీడియా చదివించుకుని విన్నారు.

కాబట్టి రాతపూర్వకంగా అడగండి. లైసెన్స్ గైడ్ ఏయే చోట్ల ఉంటారు, ఆ ఫీజు రేటులో ఉందా లేదా. రేటు బండికా మనిషికా. టోల్, పార్కింగ్, డ్రైవరు రాత్రి బస ఎవరి లెక్కలో. ఎంట్రీ టికెట్లు ఎవరు కొంటారు. ఈ చివరిది చిన్న విషయం కాదు. అక్రోపోలిస్ ఒక్కదానికే మనిషికి 30 యూరోలు. అది కూడా స్లాట్ టికెట్, మీరు ఎంచుకున్న గంటకే లోపలికి పంపుతారు. సీనియర్లకి తగ్గింపు అని బోర్డు మీద ఉంటుంది గానీ అది యూరోపియన్ యూనియన్ పౌరులకే. నాన్నగారికి పూర్తి టికెట్టే.

పొద్దున్నే 8 గంటల స్లాట్ తీసుకోండి. పైన పాలరాయి జనం పాదాలకి అరిగి అరిగి అద్దంలా ఉంటుంది, చినుకు పడితే మరీ జారుతుంది. అమ్మగారికి పట్టున్న బూట్లు, చేతికర్ర తప్పనిసరి. ఉత్తరం వైపు లిఫ్ట్ ఉంది, నడవలేని వాళ్ల కోసం. ఆవిడకి ఇస్తారో లేదో బయల్దేరక ముందే అడిగి ఖాయం చేసుకోండి.

తెనాలి మాస్టారు:
అమ్మాయ్, మీ నాన్నగారూ నేనూ ఒకే బడిపంతుళ్ల జాతి కనుక కాస్త చనువుగా రాస్తున్నాను. ప్లాన్ పేరులో "మధ్యయుగ" అని ఉంది, ప్లాన్‌లో మాత్రం మిస్ట్రాస్ దారిలో తొంగిచూసే చోటు అయిపోయింది. మన పాఠాల్లో గ్రీకుల కథ అలెగ్జాండర్‌తో ముగుస్తుంది. ఆ తర్వాత రెండు వేల ఏళ్లు అక్కడ మనుషులే లేరన్నట్టు. పార్థెనాన్ సంగతే చూడండి. క్రీ.పూ. 447లో మొదలుపెట్టి కట్టిన గుడి తర్వాత చర్చి అయింది, ఆ తర్వాత మసీదు అయింది. 1687లో తుర్కులు అందులో మందుగుండు దాచితే వెనీషియన్ల ఫిరంగి గుండు తగిలి పేలిపోయింది. ఇవాళ మనం చూసే శిథిలం రెండున్నర వేల ఏళ్ల కాలం చేసింది కాదు, చాలావరకు ఆ ఒక్క పేలుడు చేసింది.

మిస్ట్రాస్‌కి కనీసం మూడు నాలుగు గంటలు ఇవ్వండి. స్పార్టా పక్కనే, టైగెటోస్ కొండ వాలు మీద మొత్తం ఊరు ఊరే పాడుబడి నిలిచి ఉంది. 1249లో విలార్దువాన్ అనే ఫ్రాంకు (ఫ్రెంచి) దొర కోట కట్టించాడు. యుద్ధంలో పట్టుబడి, విడుదల కోసం 1262లో దాన్ని బైజాంటైన్ (తూర్పు రోమన్) చక్రవర్తికి ఇచ్చుకున్నాడు. తర్వాత సుమారు రెండొందల ఏళ్లు అది బైజాంటైన్ల చేతిలో ఉంది, అందులో ఆఖరి నూరేళ్ల పైన రాజకుమారుల రాజధాని. ప్లేటోని మళ్లీ చదివించిన తత్వవేత్త ప్లెథాన్ అక్కడే పాఠాలు చెప్పాడు. కాన్‌స్టాంటినోపుల్ గోడల దగ్గర 1453లో చనిపోయిన ఆఖరి చక్రవర్తి 11వ కాన్‌స్టాంటైన్‌కి పట్టం కట్టిందీ అక్కడే, 1449 జనవరిలో. మెట్రోపోలిస్ చర్చి నేల మీద రెండు తలల గద్ద చెక్కిన రాయి ఉంటుంది. ఆ చోటే అని చెప్పుకుంటారు. మీ నాన్నగారు ఆ రాయి దగ్గర కాసేపు కదలరు, సిద్ధంగా ఉండండి.

ఇక్కడ ఒక కిటుకుంది. మిస్ట్రాస్‌కి పైన ఒక గేటు, కింద ఒక గేటు. నడవగలిగిన వాళ్లని డ్రైవర్ పై గేటు దగ్గర దింపి కింది గేటుకి వచ్చేయాలి. అంతా దిగుడే, ఎక్కే పని ఉండదు. కాకపోతే మోకాళ్లకి ఎక్కడం కంటే దిగడమే శత్రువు. అమ్మగారు కింది గేటు నుంచి లోపలికి వెళ్తే మెట్రోపోలిస్ దగ్గరే ఉంటుంది, చిన్న మ్యూజియం కూడా అక్కడే. మీరు పైనుంచి దిగి వచ్చి అక్కడ కలుసుకోండి. టికెట్లు మాత్రం పారేయొద్దు.

ఇంకో మాట. డెల్ఫీకీ ఏథెన్స్‌కీ మధ్య డిస్టొమో దగ్గర కాస్త పక్కకి తిరిగితే ఓసియోస్ లుకాస్ మఠం వస్తుంది. 11వ శతాబ్దం మొజాయిక్‌లు, బంగారు నేపథ్యం మీద. దారిలో ఉండి కూడా ఏజెన్సీలు దీన్ని ఎందుకు వదిలేస్తాయో నాకు ఎప్పటికీ అర్థం కాదు. మోకాళ్లూ భుజాలూ కప్పే బట్టలు వేసుకుని వెళ్లండి. మన చీర, చుడీదార్‌లకి ఏ ఇబ్బందీ లేదు, మీ తమ్ముడి నిక్కరుకే ఇబ్బంది.

ఈ లెక్కన మెటియోరా, తెస్సలోనికి, వెర్గినా వదిలేయడమే మంచిది. తక్కువ చేసి చెప్పడం లేదు. వెర్గినాలో ఆండ్రోనికోస్ 1977లో బయటపెట్టిన మాసిడోనియా రాజుల సమాధులు చూడాల్సినవే. అవి ఇంకో ప్రయాణంలో.

ఫ్రాంక్‌ఫర్ట్ కరీంనగరోడు:
మాస్టారు చెప్పింది నిజమే గని, మెటియోరా గూడ కొట్టేస్తె ఎట్ల సార్? అంత ఎత్తు బండరాళ్ల మీద మఠాలు, 14వ శతాబ్దంవి. అది మధ్యయుగం కాదా?

తెనాలి మాస్టారు:
కాదనను నాయనా. పెద్ద మఠానికి సుమారు 300 మెట్లు. మెట్లు లేకుండా వంతెన మీదుగా లోపలికి వెళ్లగలిగేది సెయింట్ స్టీఫెన్ ఒక్కటే, దానికి సోమవారం సెలవు. ఏజెన్సీ ఈ అమ్మాయి వాళ్లని అక్కడికి తీసుకెళ్తోంది సోమవారం నాడే. పైగా డెల్ఫీ నుంచి మూడున్నర గంటలు పైకి, అక్కణ్ణుంచి ఏథెన్స్‌కి నాలుగు గంటలు కిందికి. ఎనిమిది రోజుల్లో అటు మెటియోరా, ఇటు మిస్ట్రాస్ రెండూ పెట్టుకుంటే రెండూ బండి కిటికీలోంచే చూసినట్టు అవుతాయి. నన్ను ఎంచుకోమంటే మిస్ట్రాస్. కొత్తగా పెళ్లైన జంట అడిగి ఉంటే మెటియోరా అనేవాడిని.

బెజవాడ అమ్మాయి:
నాన్నకి చదివి వినిపించాను. "మిస్ట్రాస్" అన్నారు, ఇంక మారుమాట లేదు. రెండు రోజులు పెంచి 18 నుంచి 27 వరకు పెట్టుకుంటున్నాం. అక్కా, వరస ఎలా ఉంటే బాగుంటుంది?

ఏథెన్స్‌లో మూడేళ్లు ఉన్నక్క:
దిగిన మర్నాటి నుంచి రెండు రోజులు ఏథెన్స్‌లోనే ఉండండి, వ్యాన్ అక్కర్లేదు, దాని డబ్బు మిగిలినట్టే. 21న బయల్దేరి కొరింత్ కాలువ దగ్గర ఒక అరగంట (1893లో తెరిచారు, వంతెన మీంచి కిందికి చూస్తే కత్తితో కోసినట్టుంటుంది), మైసీనీ, రాత్రికి నఫ్ప్లియో అనే ఊరు. అక్కడ రెండు రాత్రులు. 22న ఎపిడారస్, సాయంత్రం పలమిదీ కోట. దానికి 999 మెట్లు అంటారు గానీ పై గేటు దాకా కారు రోడ్డుంది. 23న మిస్ట్రాస్, ఆ రాత్రి అక్కడే. 24న మిగిలింది చూసుకుని ఒలింపియా. 25 పొద్దున్న ఒలింపియా చూసి, రియో–అంటిరియో వంతెన దాటి డెల్ఫీ. 26న డెల్ఫీ, ఓసియోస్ లుకాస్, రాత్రికి ఏథెన్స్. గైడ్‌ని అన్ని చోట్లా పెట్టుకోవద్దు. అక్రోపోలిస్, మైసీనీ, మిస్ట్రాస్, డెల్ఫీ చాలు. ఒలింపియాలో మీ నాన్నగారే మీకు గైడ్.

మోనెమ్వాసియా కూడా కలపమని ఎవరైనా అంటారు. చాలా అందమైన చోటు, కానీ కోట లోపలికి బండి వెళ్లదు. రాళ్ల వీధుల్లో పెట్టెలు లాక్కుంటూ వెళ్లాలి. ఈసారికి వద్దు.

తిండికి భయపడకండి. "నిస్తీసిమో" అని ఒక మాట నేర్చుకోండి, వాళ్ల ఉపవాసపు వంట. మాంసం, పాలు, గుడ్డు ఏవీ ఉండవు. రొయ్యలు, స్క్విడ్ మాత్రం ఉపవాసంలో తింటారు, అందుకని "ఖోర్తోఫాగోస్", అంటే శాకాహారులం అని కూడా చెప్పండి. ఫావా అని అడిగితే అచ్చం మన ముద్దపప్పే, నెయ్యి బదులు ఆలివ్ నూనె, పైన ఉల్లిపాయ. గిగాంతెస్ అంటే పెద్ద చిక్కుడు గింజలు టమాటాలో వండినవి. ఖోర్తా అంటే ఉడికించిన ఆకుకూర, నిమ్మరసంతో. గెమిస్తా అంటే అన్నం కూరిన టమాటా, కొన్నిచోట్ల కీమా కలుపుతారు, అడిగి తినండి. ఆవకాయ తెచ్చుకోండి. నెయ్యి, పాలకోవా మాత్రం తేవొద్దు, బయటి దేశాల పాల పదార్థాలు యూరప్‌లోకి రానివ్వరు.

వీసా తారీకులు మార్చాక అప్లై చేయండి. ఇన్సూరెన్స్ కనీసం 30,000 యూరోలకి ఉండాలి.

బెజవాడ అమ్మాయి (మే మొదటి వారం):
వచ్చేశాం! ముందు గైడ్ సంగతి. ఏజెన్సీని రాతపూర్వకంగా అడిగితే "అది అదనం" అని అప్పుడు ఒప్పుకున్నారు. నాలుగు చోట్లా విడిగా పెట్టుకున్నాం. మిస్ట్రాస్‌లో వచ్చినావిడని నాన్న ప్లెథాన్ గురించి అడిగితే ఆవిడ ఆగిపోయి "ఈ ప్రశ్న ఎవరూ అడగరు" అని, చెప్పాల్సిన సమయం దాటి ఇంకో గంట ఉండిపోయింది. అమ్మ కింద మెట్రోపోలిస్ అరుగు మీద పిల్లులకి బిస్కెట్లు పెట్టుకుంటూ కూర్చుంది. గద్ద రాయి దగ్గర నాన్న ఏమీ మాట్లాడలేదు. చెప్పులు విప్పబోతే తమ్ముడు ఆపాడు.

ఎపిడారస్‌లో మధ్య రాయి దగ్గర నిలబడి అమ్మ మెల్లగా "శుక్లాంబరధరం" చదివితే పైవరసలో ఉన్న నాకు స్పష్టంగా వినపడింది. మన నాగార్జునకొండ దగ్గర అనుపులో మళ్లీ పేర్చిన మెట్ల రంగస్థలం ఉంది కదా, నాన్న అది గుర్తుచేసుకున్నారు.

తప్పు ఒకటి చేశాం. 25న ఒలింపియాలో ఆలస్యం అయ్యి డెల్ఫీకి చీకటి పడ్డాక చేరాం. ఆ కొండదారి పగలు చూడాల్సింది. ఒలింపియా నుంచి 11 లోపే బయల్దేరండి.

గుంటూరు నుంచి కొత్త సభ్యుడు:
పలమిదీ మెట్లు ఎక్కొచ్చా మేడమ్? మేం ఏటా అలిపిరి మెట్లదారినే కొండకి వెళ్తాం.

బెజవాడ అమ్మాయి:
తమ్ముడు ఎక్కాడండీ. అలిపిరి లెక్కలో చూస్తే ఇది మూడో వంతు కూడా లేదు, కానీ అక్కడిలా నెత్తి మీద కప్పు ఉండదు, దారిలో మజ్జిగ అమ్మేవాళ్లూ ఉండరు. ఎండ కాళ్ల మీదే కొడుతుంది. పొద్దున్న 8కి మొదలుపెట్టండి, మనిషికో లీటరు నీళ్లు పట్టుకెళ్లండి. కిందికి రావడానికి పై గేటు దగ్గరికి బండి పిలిపించుకోండి.