మేఘాలయన్ ఏజ్‌ని ‘యుగం’ అనొచ్చా?

చెన్నైలో మన పిల్లల కోసం రాస్తున్న సైన్సు వ్యాసంలో ఒక వాక్యం: ‘మనం ఇప్పుడు మేఘాలయ యుగంలో ఉన్నాం.’ నాకు ఆ ‘యుగం’ మీదే పేచీ. భూవిజ్ఞానుల కాలపట్టికలో ఇయాన్, ఎరా, పీరియడ్, ఎపాక్, ఏజ్ అని ఐదు మెట్లు. జురాసిక్ పీరియడ్‌కీ యుగమే అంటాం, హోలోసీన్ ఎపాక్‌కీ యుగమే అంటాం. ఆఖరి మెట్టుకీ అదేనా?

పెరంబూరు మాస్టారు: సంకల్పం చెప్పుకునేవాళ్ళకి ఇదేం కష్టమండీ! శ్వేతవరాహ కల్పే, వైవస్వత మన్వంతరే, కలియుగే, ప్రథమ పాదే. ఫెనరోజోయిక్, సీనోజోయిక్, క్వాటర్నరీ, హోలోసీన్, మేఘాలయన్... ఇదీ పెద్దదాన్నుంచి చిన్నదానికి దిగే వరసే. మన మాటలే పంచెయ్యండి.

నేను: వరస కుదిరింది మాస్టారూ, లెక్కే కుదరదు. కలియుగానికి 4,32,000 ఏళ్ళని ముందే కొలత ఉంది. ఏజ్‌కి అలాంటిదేం లేదు. అది మొదలయ్యే హద్దును మాత్రమే నిర్ణయిస్తారు, తర్వాతది మొదలైతే ఇది ముగిసినట్టే. డైనోసార్ల చివరి ఏజ్ మాస్ట్రిక్టియన్ దాదాపు 60 లక్షల ఏళ్ళు సాగింది. మేఘాలయన్ మొదలై సుమారు 4,200 ఏళ్ళే. హద్దుకు గుర్తు సాధారణంగా రాతిపొరల్లోనే వెతుకుతారు: ఫలానా శిలాజం మొదటిసారి కనిపించిన చోటో, రసాయనాల పాళ్ళు మారిన చోటో. ప్రపంచం మొత్తానికీ ఒక్క చోటే ప్రమాణం, దాన్నే గోల్డెన్ స్పైక్ అంటారు. మేఘాలయన్‌కి అది చిరపుంజి దగ్గర మామ్లూ గుహలో దొరికిన స్టాలగ్మైట్ (గుహ నేల మీంచి పైకి పెరిగే సున్నపు దిమ్మ). ఋతుపవనాలు సన్నగిల్లిన ఆనవాలు అందులోని ఆక్సిజన్ ఐసోటోపుల్లో, అంటే బరువులో తేడా ఉన్న ఆక్సిజన్ రకాల పాళ్ళలో, దొరికింది. 2018లో ఆమోదించారు.

పల్లావరం నుంచి ఒకరు: ‘యుగం’ సంగతి సరే, ‘మేఘాలయ’ అని కత్తిరించడం ఇంకా తప్పు. అక్కడ మాత్రమే నడిచిన కాలం అనుకుంటారు. పేరు ఒక ఊరిది, హద్దు ఇంకో ఊళ్ళో ఉండటమూ మామూలే. డేనియన్ అనే ఇంకో ఏజ్‌కి పేరిచ్చింది డెన్మార్క్, స్పైక్ ఉన్నది ట్యునీషియాలోని ఎల్ కెఫ్‌లో. కాబట్టి మేఘాలయన్ అనే ఉంచండి. (మా పల్లావరం కొండరాయికి ఆ భాగ్యమూ లేదు. కలకత్తాలో జాబ్ చార్నాక్ అనే ఈస్టిండియా కంపెనీ ఆయన సమాధికి ఆ రాయే వాడిన పుణ్యమా అని, ఆయన పేరుతో చార్నోకైట్ అయింది.)

నేను: ఒప్పుకున్నానండీ. ఏజ్‌కి ‘దశ’ అందామా? శుక్రమహాదశ 20 ఏళ్ళు, రవిది 6. కొలతలు సమానం కావు, ఒకటి ముగిసిన చోటే ఇంకోటి మొదలు. జాతకం వాసన వస్తుందంటే రానివ్వండి.

టి.నగర్ మేడం: దశ అంటే స్టేజ్ కాదూ? స్టేజ్ వేరే ఉంది కదా వాళ్ళకి.

నేను: ఉంది మేడం. స్టేజ్ రాయి, ఏజ్ కాలం, రెండిటికీ పేరు ఒకటే. అరియలూరులో సిమెంటుకి తవ్వే సున్నపురాయిలో మాస్ట్రిక్టియన్ పొరలున్నాయి, అవి పేరుకున్న కాలం మాస్ట్రిక్టియన్ దశ. రాయికి ‘పొరలు’ అనేస్తే చిక్కు ఉండదు.

మాస్టారు: మరి పేపర్లలో ‘మానవ యుగం’ అంటున్నారే?

నేను: ఆంత్రోపోసీన్ మాస్టారూ. దాన్ని ఎపాక్‌గా ప్రతిపాదిస్తే 2024లో తిరస్కరించారు. ఒప్పుకుని ఉంటే హోలోసీన్‌తోపాటు మన మేఘాలయన్ దశ కూడా ముగిసిపోయేది.