డ్రైవర్ మార్చాక షేడర్ క్యాష్ పోయింది, మిత్రుడి ఫైలు పనికొస్తుందా?

మాది విజయనగరం. పాత ల్యాప్‌టాప్‌లో ఎమ్యులేటర్ (గేమ్ కన్సోల్ ఆటలను కంప్యూటర్లో ఆడించే ప్రోగ్రామ్) పెట్టుకుని తమ్ముడూ నేనూ కార్ల పందెం ఆడుతుంటాం. కొత్త మలుపు వచ్చినా, ఇంజన్ నుంచి మంట ఎగసినా బొమ్మ అర సెకను బిగుసుకుపోయేది. రెండోసారి అదే మలుపు నున్నగా సాగేది. కన్సోల్‌లో గ్రాఫిక్స్ చిప్ ఒకే రకం కాబట్టి షేడర్లు (బొమ్మను ఎలా గీయాలో చిప్‌కు చెప్పే చిన్న ప్రోగ్రాములు) ముందే తయారై వస్తాయని, కంప్యూటర్‌లో వాటిని అప్పటికప్పుడు కంపైల్ చేయాలని, అంటే మన చిప్‌కు అర్థమయ్యే రూపంలోకి మార్చాలని చదివాను. సెకనుకు 60 ఫ్రేములంటే ఒక్కోదానికి దక్కేది 16.7 మిల్లీసెకన్లే, అంతలో ఆ పని తెమలదు. అందుకే ఎమ్యులేటర్ ఒకసారి చేసినదాన్ని డిస్కులో దాచుకుంటుంది, ఆ నిల్వే క్యాష్.

మొన్న గ్రాఫిక్స్ డ్రైవర్ అప్‌డేట్ చేశాను. నెల రోజులుగా కూడబెట్టిన క్యాష్ గల్లంతు! మళ్లీ మొదటి మలుపులోనే కుదుపు. ఓడిన ప్రతిసారీ తమ్ముడు నావైపే గుర్రుగా చూస్తున్నాడు.

శ్రీకాకుళంలోని మిత్రుడు తన క్యాష్ ఫోల్డర్ ఇస్తానంటున్నాడు, కానీ అతని గ్రాఫిక్స్ కార్డు వేరు. కన్సోల్ షేడర్లను ఉన్నదున్నట్టు దాచిన ఫైలైతే పనికొస్తుందని, కార్డుకు తగ్గట్టు కంపైల్ అయినదైతే దండగని నా ఊహ. ఆ రెండింటినీ ఎలా గుర్తుపట్టాలి? ఇకముందు డ్రైవర్ మార్చేటప్పుడు ఏది కాపీ చేసి పెట్టుకోవాలి? కంపైలింగ్‌ను వెనకాల నడిపించే ఆప్షన్ కూడా ప్రయత్నించాను. కుదుపు తగ్గింది గానీ చెట్లు కారు దాటిపోయాక మొలుస్తున్నాయి. వాడినవారు దయచేసి చెప్పండి.