మందు మానేసిన వాళ్ల మీద డాక్యుమెంటరీ: తాగే షాట్లు పెట్టాలా?

కెమెరా వెనక:
మందు, మత్తు వదిలి కోలుకుంటున్న ముగ్గురి మీద డాక్యుమెంటరీ తీస్తున్నాను. షూటింగ్ దాదాపు అయిపోయింది, ఎడిటింగ్‌లో ఆగాను. గ్లాసులో మందు పోస్తున్న క్లోజప్పూ, సూది గుచ్చుకునే షాటూ మొదట్లోనే పడకపోతే జనం కూర్చోరని, కావాలంటే నటులతో తీద్దామని నిర్మాత అంటున్నారు. నాకు మనసొప్పడం లేదు. ఇంకో సంగతి. ముగ్గురిలో ఒకాయన మానేసి ఎక్కువ కాలం కాలేదు. ముఖం చూపించడానికి సంతోషంగా ఒప్పుకున్నారు. చూపించవచ్చా?

మానేసినవాడు:
ఆ షాట్లు వద్దండీ. ఎవరి కోసం తీస్తున్నారో వాళ్లే చూడలేరు. తెర మీద గ్లాసు కనబడితే నాలాంటివాడికి నోట్లో నీళ్లూరతాయి, కాళ్లు నిలవవు. అది మనసు బలహీనత కాదు, మెదడు ఆ గుర్తులకు అలా అలవాటుపడిపోయింది. ఏళ్లు గడిచినా కొందరికి పోదు. ఒక అవగాహన సభలో అలాంటి సినిమా వేస్తే సగంలో లేచి బయటికొచ్చి మా స్పాన్సర్‌కి, అంటే నాకంటే ముందే మానేసి నాకు తోడుగా ఉంటున్నాయనకి, ఫోన్ చేశాను. లోపలున్నవాళ్లు మాత్రం చప్పట్లు కొట్టారు.

చూపించాల్సింది సాయంత్రాలు. మానేశాక పొద్దుగూకినప్పటి నుంచి నిద్రపట్టేదాకా ఏం చేయాలో తోచదు. తోమిన గిన్నెలే మళ్లీ తోమేవాణ్ణి. బయటినుంచి రాగానే మా ఆవిడ ఏదో తీసుకుంటున్నట్టు దగ్గరికొచ్చి నిలబడేది. వాసన చూడటానికని ఇద్దరికీ తెలుసు, ఎవరమూ అనేవాళ్లం కాదు. ఎప్పటినుంచి అలా రావడం మానేసిందో గుర్తులేదు కానీ, మానేసింది. కోలుకోవడం అంటే నాకు అదే. దాన్ని పట్టుకునే ఓపిక మీ కెమెరాకి ఉంటే జనం కూర్చుంటారు.

ముఖం సంగతి ఆయన ఏఏ (ఆల్కహాలిక్స్ అనానిమస్, మందు మానేయడానికి ఒకరికొకరు తోడుండే వాళ్ల సంఘం) సభ్యుడైతే ముందే మాట్లాడుకోండి. 1935లో మొదలైన ఆ సంఘానికి పన్నెండు సంప్రదాయాలున్నాయి. పదకొండోది పత్రికలు, రేడియో, సినిమాల్లో సభ్యులు అజ్ఞాతంగా ఉండాలంటుంది. ‘కోలుకుంటున్నాను’ అని కెమెరా ముందు చెప్పుకోవచ్చు, ఏఏ పేరెత్తకపోతే చాలు.

కౌన్సెలర్:
పై మాటలన్నీ నిజం. ఆయన ఈ రోజు సంతోషంగా ఒప్పుకోవడం ఒక్కటే సరిపోదండీ. చికిత్స తీసుకున్నవాళ్లలో 40 నుంచి 60 శాతం మంది మళ్లీ మొదలుపెట్టే అవకాశముందని అమెరికాలో మత్తు వ్యసనాల మీద పరిశోధన చేసే ప్రభుత్వ సంస్థ నైడా చెబుతుంది. బీపీ, ఉబ్బసం తిరగబెట్టడమూ ఇంచుమించు అలాగే ఉంటుంది. రేపు ఆయన జారితే మీ సినిమా ఇంటర్నెట్‌లోనే ఉంటుంది, ఉద్యోగమిచ్చేవాడు చూస్తాడు, పిల్లల స్కూల్లో చూస్తారు. ఎడిట్ అయ్యాక ఆయనకు చూపించి మళ్లీ అడగండి. విడుదలకు ముందు ఎప్పుడైనా తప్పుకునే హక్కు కాగితం మీద రాసివ్వండి.

ముగ్గురిలో ఎవరైనా మెథడోన్, బ్యుప్రెనార్ఫిన్ వాడుతుంటే ‘ఒకటి వదిలి ఇంకోటి పట్టుకున్నాడు’ అన్న అర్థమొచ్చేలా కట్ చేయకండి. హెరాయిన్ లాంటి ఓపియాయిడ్ల వ్యసనానికి చికిత్సగా ఇచ్చే ఆ మందులు ప్రాణాలు నిలబెడుతున్నాయి. సినిమా చూసి ఒక్కరు ఆ చికిత్స మానేసినా ప్రమాదమే.

కెమెరా వెనక:
ఇద్దరికీ చాలా థాంక్సండీ. ఒకావిడ బ్యుప్రెనార్ఫిన్ మీదే ఉన్నారు. ఆ మాట వాయిస్ ఓవర్‌లో ఎలా వస్తోందో ఇప్పుడే మళ్లీ విన్నాను, మారుస్తున్నాను. నటులతో షూటింగ్ వద్దని నిర్మాతకు చెప్పేశాను. సాయంత్రాల ఫుటేజ్ కోసం ఇంకో వారం అడిగాను.